ఆర్బిట్రేషన్ క్లాజ్ ఉంది, కంపెనీ ఆఫీసు ఖాళీ చేస్తోంది: రావాల్సిన 64 లక్షలకు కోర్టు నుంచి రక్షణ దొరుకుతుందా?

నెల్లూరు_ఫిట్‌అవుట్ | మారతహళ్ళి
శుక్రవారం, రాత్రి 9:52

అందరికీ నమస్కారం. మాది ఆఫీసు ఇంటీరియర్స్, ఎలక్ట్రికల్ పనులు చేసే ఫర్మ్. ఔటర్ రింగ్ రోడ్డు మీద ఒక టెక్ కంపెనీకి రెండు ఫ్లోర్లు చేసిచ్చాం. పార్టిషన్లు, ఫాల్స్ సీలింగ్, వర్క్‌స్టేషన్లు, యూపీఎస్ వైరింగ్ అన్నీ మావే. హ్యాండోవర్ సర్టిఫికెట్ మీద వాళ్ళ ఫెసిలిటీస్ హెడ్ సంతకం ఉంది. పని సాగేకొద్దీ వేసిన మొదటి ఆర్.ఏ. (రన్నింగ్ అకౌంట్) బిల్లులన్నీ టైముకే ఇచ్చారు. ఫైనల్ బిల్లు 41 లక్షలు, రిటెన్షన్ (లోపాలొస్తే సరిచేస్తామన్న హామీగా వాళ్ళు ఆపి ఉంచుకున్న డబ్బు) 23 లక్షలు, మొత్తం 64 లక్షలు ఆగిపోయింది. "ఫండింగ్ రాగానే క్లియర్ చేస్తాం" అని ఫైనాన్స్ వాళ్ళు మెయిల్ పెట్టారు. ఆ తర్వాత ఫోన్లు ఎత్తడం మానేశారు.

పక్క బిల్డింగ్‌లో పని చేస్తున్న మా ఎలక్ట్రీషియన్ నిన్న ఫోటోలు పంపాడు. మేము బిగించిన వర్క్‌స్టేషన్లను విప్పి లారీకి ఎక్కిస్తున్నారు. నెలాఖరుకు లీజు వదిలేస్తున్నారని సెక్యూరిటీ వాళ్ళు చెప్పారట.

ఒప్పందంలో తగాదా క్లాజ్ ఇలా ఉంది: ఏ వివాదమైనా కంపెనీ ఎండీ నియమించే ఏకైక ఆర్బిట్రేటర్ (కోర్టు బదులు తగాదా తేల్చే మధ్యవర్తి) తేల్చాలి, సీటు (ఆర్బిట్రేషన్‌కు చట్టపరమైన చోటు) బెంగళూరు. ఆర్బిట్రేషన్ ముగిసి అవార్డు (ఆర్బిట్రేటర్ తీర్పు) వచ్చేసరికి వీళ్ళ దగ్గర ఏం మిగులుతుంది? ఈలోపు కోర్టుకు వెళ్తే "క్లాజ్ ఉంది కదా, ఇక్కడికెందుకొచ్చావు" అంటారా? ప్లైవుడ్ డీలరుకీ లేబర్ కాంట్రాక్టరుకీ నేను సమాధానం చెప్పుకోవాలి. టెన్షన్‌తో నిద్ర లేదు.

మోడరేటర్
శుక్రవారం, రాత్రి 10:05

కంపెనీ పేరు, డైరెక్టర్ల పేర్లు తీసేశాను. విషయం కోర్టుకు వెళ్ళేలా ఉంది కాబట్టి దయచేసి ఎవరూ పేర్లు అడగొద్దు, ఊహించి రాయొద్దు.

పీణ్య_పెద్దాయన | పీణ్య సెకండ్ స్టేజ్
శుక్రవారం, రాత్రి 10:31

బాబూ, ఆలస్యం చేయకు. సోమవారం పొద్దున్నే లాయరు దగ్గర ఉండు. మా షాపులో టర్నింగ్ జాబులు చేయించుకున్న ఒక పార్టీ మీద నేను ఆర్బిట్రేషన్‌లో గెలిచాను. అసలు, వడ్డీ, ఖర్చులు అన్నీ ఇవ్వమని అవార్డు. దాన్ని అమలు చేయించుకోవడానికి (ఎగ్జిక్యూషన్‌కు) వెళ్ళేసరికి మెషీన్లు బ్యాంకు తనఖాలో, షెడ్డు వేరే వాళ్ళ పేరున. మధ్యలో కోర్టుకు వెళ్ళి వాటిని కదలకుండా చేయించుకోవచ్చని అప్పట్లో మాకు ఎవరూ చెప్పలేదు. అవార్డు ఎంత ముఖ్యమో, అది వచ్చే రోజు దాకా అవతలివాడి ఆస్తి నిలబడి ఉండటమూ అంతే ముఖ్యం.

లాయరమ్మ_బసవనగుడి
శనివారం, ఉదయం 7:15

ముందు మీ మొదటి ప్రశ్న. క్లాజ్ ఉండగా మామూలు దావా వేస్తే వాళ్ళు సెక్షన్ 8 కింద అర్జీ పెట్టి ఆర్బిట్రేషన్‌కు పంపమంటారు, కోర్టు పంపుతుంది. మధ్యంతర రక్షణ సంగతి వేరు. 1996 ఆర్బిట్రేషన్ చట్టంలో సెక్షన్ 9 ఇందుకోసమే ఉంది. ఆర్బిట్రేషన్ మొదలవకముందు, నడుస్తుండగా, అవార్డు వచ్చాక అది అమలయ్యేలోపు, మూడు దశల్లోనూ కోర్టును అడగొచ్చు. నోటీసు కూడా ఇవ్వకముందే వెళ్ళవచ్చని సుందరం ఫైనాన్స్ కేసులో సుప్రీంకోర్టు 1999లోనే చెప్పింది. ఆర్బిట్రేషన్‌కు వెళ్ళే ఉద్దేశం నిజంగా ఉందని మాత్రం కనిపించాలి.

వివాదంలో ఉన్న మొత్తానికి భద్రత కల్పించమని అడిగే హక్కు ఆ సెక్షన్‌లోనే రాసి ఉంది. సాధారణంగా మేము అడిగేవి ఇవి: అంత మొత్తానికి బ్యాంకు గ్యారంటీ ఇవ్వాలి లేదా కోర్టులో డిపాజిట్ చేయాలి, ఫలానా ఆస్తులు అమ్మకూడదు, ఆస్తుల వివరాలతో అఫిడవిట్ వేయాలి.

ఇక్కడ చాలామంది పొరబడుతున్నారు. సెక్షన్ 9 వసూలు దావా కాదు. "నాకు 64 లక్షలు రావాలి, ఇప్పించండి" అంటే కోర్టు ఇప్పించదు. మీకు ఎంత రావాలో తేల్చేది ఆర్బిట్రేటర్. తేలేదాకా ఆ డబ్బు మాయం కాకుండా చూడటం వరకే కోర్టు పని. కాబట్టి బాకీ ఉందని చూపించడం ఒక్కటే చాలదు, అది మాయమవుతోందని కూడా చూపించాలి. మీ ఎలక్ట్రీషియన్ పంపిన ఫోటోలు అందుకే విలువైనవి.

ఒక ప్రశ్న. రిటెన్షన్‌కు డిఫెక్ట్ లయబిలిటీ పీరియడ్ (లోపాలు సరిచేసే బాధ్యత మీ మీద ఉండే గడువు) తీరిందా? తీరకపోతే ఆ 23 లక్షలు ఇంకా చెల్లించాల్సిన గడువు రాలేదని వాళ్ళు మొదటి నిమిషంలోనే అంటారు.

నెల్లూరు_ఫిట్‌అవుట్
శనివారం, ఉదయం 8:02

ధన్యవాదాలు మేడమ్. పీరియడ్ తీరడానికి ఇంకా నాలుగు నెలలు ఉంది. వాళ్ళు ఒక స్నాగ్ లిస్ట్ (సరిచేయాల్సిన చిన్న లోపాల జాబితా) కూడా పంపారు. రెండు తలుపుల క్లోజర్లు, ఒక మీటింగ్ రూములో సీలింగ్ మరక, అలాంటివి. అన్నీ సరిచేశాం, క్లోజ్ చేసినట్టు మెయిల్ ఉంది. పిటిషన్‌లో ఆ లిస్ట్ సంగతి రాయకపోతే మంచిదా?

లాయరమ్మ_బసవనగుడి
శనివారం, ఉదయం 8:20

తప్పకుండా రాయాలి. అవతలివాళ్ళను వినకుండా ఆర్డర్ ఇవ్వమని అడిగేవాళ్ళు తమకు ఇబ్బందిగా ఉన్న కాగితాన్ని కూడా తామే జడ్జి ముందు పెట్టాలి. దాచారని తర్వాత బయటపడితే ఆ ఒక్క కారణంతోనే ఆర్డర్ రద్దవుతుంది, కేసు బలంగా ఉన్నా సరే. లిస్ట్ పెట్టండి, కిందనే క్లోజ్ చేసిన మెయిల్ పెట్టండి.

ఆడిటర్_అనంతపురం | జయనగర్
శనివారం, ఉదయం 11:40

మేడమ్ చెప్పినదానికి లెక్కల వైపు నుంచి కొంత కలుపుతాను.

ఫైనల్ బిల్లు మీద టీడీఎస్ (వాళ్ళు మీ పేరున కోసి కట్టే పన్ను) మీ 26ఏఎస్‌లో (ఆదాయపు పన్ను శాఖ ఇచ్చే మీ పన్ను వివరాల పట్టికలో) కనిపిస్తోందా చూడండి. డబ్బు చెల్లించినప్పుడో, పుస్తకాల్లో మీ ఖాతాకు జమ రాసినప్పుడో, ఏది ముందైతే అప్పుడు టీడీఎస్ కట్టాలి. చెల్లించని బిల్లు మీద టీడీఎస్ పడిందంటే ఆ బిల్లును వాళ్ళు తమ పుస్తకాల్లో ఎక్కించుకున్నారన్నమాట. "ఆ పని జరగలేదు, బిల్లు ఒప్పుకోలేదు" అని తర్వాత వాదించడం వాళ్ళకు కష్టమవుతుంది. అదొక్కటే బాకీని రుజువు చేయదు, కానీ జడ్జి ఆగి చదివే కాగితం.

జీఎస్టీ కూడా అంతే. మీ ఇన్‌వాయిస్ మీద వాళ్ళు ఇన్‌పుట్ క్రెడిట్ తీసుకుని ఉంటారు. 180 రోజుల్లో సప్లయర్‌కు చెల్లించకపోతే ఆ క్రెడిట్‌ను వడ్డీతో వెనక్కి కట్టాలి. కట్టారా లేదా అని మీ లాయరు నోటీసులో అడగొచ్చు.

ఇంక ఎంసీఏ (కంపెనీ వ్యవహారాల మంత్రిత్వ శాఖ) సైట్. కొద్దిపాటి ఫీజు కడితే ఏ కంపెనీ దస్తావేజులైనా చూడొచ్చు. బ్యాలెన్స్ షీటు, కొత్తగా నమోదైన ఛార్జీలు (ఆస్తుల మీద తాకట్లు), డైరెక్టర్ల రాజీనామాలు, రిజిస్టర్డ్ ఆఫీసు మార్పు తీసి పెట్టుకోండి. ఈ మధ్యే ఎవరికైనా ఆస్తులన్నీ తాకట్టు పెట్టి ఛార్జి రాయించారా? ఇద్దరు డైరెక్టర్లు ఒకేసారి తప్పుకున్నారా? "కంపెనీ పరిస్థితి బాగోలేదట" అని అఫిడవిట్‌లో రాస్తే అది పుకారు. ఎంసీఏ ప్రింటవుట్ జతచేస్తే సాక్ష్యం.

పద్మనాభనగర్_వెంకట్
శనివారం, మధ్యాహ్నం 1:10

ఇంత దూరం ఎందుకన్నా? సెక్షన్ 9 అంటే ఎన్‌సీఎల్‌టీలో (కంపెనీ లా ట్రిబ్యునల్‌లో) దివాలా పిటిషనే కదా. ఒక్క నోటీసు ఇస్తే పరిగెత్తుకొచ్చి కడతారు.

లాయరమ్మ_బసవనగుడి
శనివారం, మధ్యాహ్నం 1:34

వెంకట్ గారూ, అది వేరే చట్టం. దివాలా కోడ్‌లోనూ ఒక సెక్షన్ 9 ఉండటంతో ఈ గందరగోళం వస్తోంది. ఆ దారిలో వెళ్ళాలంటే బాకీ కనీసం కోటి రూపాయలుండాలి. 2020 మార్చిలో లక్ష నుంచి కోటికి పెంచారు. వీరిది 64 లక్షలు. పైగా నోటీసుకు ముందే నిజమైన వివాదం ఉంటే ఆ పిటిషన్ నిలబడదని మొబిలాక్స్ కేసులో 2017లో సుప్రీంకోర్టు తేల్చింది. ఇక్కడ స్నాగ్ లిస్ట్ ఉంది, అది చాలు వాళ్ళకు. ఇంకో ప్రమాదం, దివాలా ప్రక్రియ మొదలైతే మారటోరియం (కంపెనీ మీద కేసులకు నిలుపుదల) వస్తుంది, మీ ఆర్బిట్రేషన్ కూడా ఆగిపోతుంది.

స్టార్టప్_ఫైనాన్స్ | కోరమంగల
శనివారం, సాయంత్రం 6:48

అవతలి వైపు నుంచి కూడా ఒకరు మాట్లాడాలి. మా కంపెనీ మీద ఒక వెండర్ ఇలాగే ఎక్స్ పార్టే ఆర్డర్ (మా మాట వినకుండానే ఇచ్చింది) తెచ్చుకున్నాడు. క్లెయిమ్ 30 లక్షలు. బ్యాంకు మాత్రం మొత్తం కరెంట్ అకౌంట్‌కు డెబిట్ ఫ్రీజ్ పెట్టేసింది. నెలాఖరు. జీతాలు ఆగాయి, పీఎఫ్ ఆగింది. అతను చేసిన పనిలో సగం మేము వేరేవాళ్ళతో మళ్ళీ చేయించుకున్నాం, ఆ ఖర్చు మా కౌంటర్ క్లెయిమ్. కోర్టులో మా మాట వినేసరికి ఇద్దరు ఇంజనీర్లు మానేశారు. బాకీ ఉందని ఆరోపణ వస్తే చాలు కంపెనీ గొంతు నొక్కేయొచ్చా? ఆఫీసు మారడం నేరమేమీ కాదు. ఖర్చు తగ్గించుకోవడానికి చిన్న ఆఫీసుకు వెళ్ళేవాళ్ళు బెంగళూరులో ఎంతమంది లేరు?

పీణ్య_పెద్దాయన
శనివారం, సాయంత్రం 7:30

నీ బాధ అర్థమైంది నాయనా. కానీ ఆఫీసు మారేవాడు ఫోన్ ఎత్తుతాడు. కొత్త అడ్రస్ ఇస్తాడు.

లాయరమ్మ_బసవనగుడి
ఆదివారం, ఉదయం 9:05

కోరమంగల వారు లేవనెత్తిన విషయం చిన్నది కాదు, సుప్రీంకోర్టులో కూడా తెగలేదు. కాస్త వివరంగా రాస్తాను.

సివిల్ ప్రొసీజర్ కోడ్‌లో ఆర్డర్ 38 రూల్ 5 అని ఉంది. తీర్పుకు ముందే ఆస్తి జప్తు చేయాలంటే, డిక్రీని అడ్డుకునే ఉద్దేశంతోనే ప్రతివాది ఆస్తి అమ్ముకుంటున్నాడనో, కోర్టు పరిధి దాటిస్తున్నాడనో చూపించాలి. హామీ లేని అప్పును హామీ ఉన్న అప్పుగా మార్చుకోవడానికి ఈ రూల్‌ను వాడుకోకూడదని రామన్ టెక్ కేసులో 2008లో చెప్పారు.

మరి సెక్షన్ 9కు కూడా అంత కఠినమైన పరీక్షే పెట్టాలా? 2022 సెప్టెంబరులో ఎస్సార్ హౌస్ కేసులో ఇద్దరు జడ్జిల బెంచ్, అక్కర్లేదంది. బలమైన ప్రైమా ఫేసీ (తొలిచూపులో నిలిచే) కేసు ఉండి, ఆస్తులు తరిగిపోయే అవకాశం ఉంటే చాలు, కోడ్‌లోని ప్రతి మాటకూ కట్టుబడి ఉండాల్సిన పని లేదంది. అదే నెలాఖరులో సంఘీ ఇండస్ట్రీస్ కేసులో మరో ఇద్దరు జడ్జిల బెంచ్, డబ్బు క్లెయిమ్‌కు భద్రత అడిగేటప్పుడు ఆర్డర్ 38 రూల్ 5 షరతులు నెరవేరాల్సిందే అంది. పిటిషనర్ లాయరు మొదటిది చదువుతాడు, ప్రతివాది లాయరు రెండోది చదువుతాడు. రెంటినీ కలిపి చూసి, ఆ కేసు వాస్తవాలను బట్టి జడ్జి నిర్ణయిస్తారు.

నా అభిప్రాయం ఇది. ఎస్సార్ హౌస్ మీద ఆశ పెట్టుకుని, సంఘీకి సరిపోయేలా కాగితాలు సిద్ధం చేసుకోవాలి. కఠినమైన పరీక్షకు తయారైనవాడు సులువైనదానిలో ఎలాగూ పాసవుతాడు. కాబట్టి నెల్లూరు వారూ, "ఆఫీసు ఖాళీ చేస్తున్నారు" అన్న ఒక్క ముక్క చాలదు. ఆఫీసు ఖాళీ, ఫర్నిచర్ అమ్మకం, ఫండింగ్ రాలేదని మెయిల్, ఫోన్లు ఎత్తకపోవడం, ఎంసీఏలో ఏముందో అది, ఇవన్నీ తేదీల వారీగా ఒకే పేజీలో పెట్టండి. ఒక్కొక్కటి విడిగా మామూలు వ్యాపారంలా కనిపిస్తుంది. వరసలో పెడితేనే ఉద్దేశం కనిపిస్తుంది.

ఫ్రీజ్ విషయంలో కోరమంగల వారితో ఏకీభవిస్తాను. మొత్తం అకౌంట్ ఆపమని అడగడం అన్యాయం. అలా అడిగితే జడ్జికి మీ మీదే సందేహం వస్తుంది. "ఇంత మొత్తం వరకు లీన్ (ఆ మేరకే నిలుపుదల) పెట్టండి, బ్యాంకు గ్యారంటీ ఇచ్చిన రోజున ఎత్తేయండి" అని మీరే రాయండి. ఎక్స్ పార్టే ఆర్డర్ భయం ఉన్నవాళ్ళు ముందుగానే కేవియట్ (మమ్మల్ని వినకుండా ఆర్డర్ ఇవ్వొద్దని కోర్టుకు పెట్టుకునే అర్జీ) వేసుకోవచ్చు, 90 రోజులు పనిచేస్తుంది.

వాట్సాప్ మెసేజ్‌లు, ఫోటోలు పెట్టేటప్పుడు ఎలక్ట్రానిక్ సాక్ష్యానికి సర్టిఫికెట్ కావాలి. 2024 జులై నుంచి కొత్త సాక్ష్య చట్టం సెక్షన్ 63 కింద ఇవ్వాలి, అందులో హ్యాష్ వాల్యూ (ఫైలు మారలేదని చూపే డిజిటల్ గుర్తు) కూడా రాయాలి. ఎలక్ట్రీషియన్ ఫోన్‌ను అలాగే ఉంచమనండి, ఫోటోలు డిలీట్ చేయొద్దు.

ఆడిటర్_అనంతపురం
ఆదివారం, ఉదయం 10:22

మేడమ్, ఒక ఆలోచన. బెంగళూరులో ఆఫీసు లీజుకు చాలా నెలల అద్దె డిపాజిట్‌గా తీసుకుంటారు. రెండు ఫ్లోర్లంటే అది చిన్న మొత్తం కాదు. ఖాళీ చేస్తున్నారంటే బిల్డింగ్ ఓనరు దాన్ని ఈ కంపెనీకి తిరిగివ్వాలి. పాత వర్క్‌స్టేషన్లకు స్క్రాప్ ధర తప్ప రాదు. అసలు ఆస్తి ఆ డిపాజిట్ కాదా?

లాయరమ్మ_బసవనగుడి
ఆదివారం, ఉదయం 10:50

చాలా మంచి పాయింట్. నేనైతే మొదటి ప్రార్థనగా అదే పెడతాను. ఓనరు మన ఒప్పందంలో పార్టీ కాదు కాబట్టి ఆయన మీద నేరుగా ఆర్డర్ అడిగితే వాదన పెరుగుతుంది. ఆ డిపాజిట్ వచ్చినప్పుడు క్లెయిమ్ మేరకు కోర్టులో జమ చేయాలని, ఈలోపు వాడుకోకూడదని కంపెనీనే కట్టడి చేయమనండి. లీజు కాపీ మన దగ్గర ఉండదు. నమోదైన లీజైతే సబ్ రిజిస్ట్రార్ ఆఫీసులో సర్టిఫైడ్ కాపీకి ప్రయత్నించవచ్చు.

చెన్నై_చిత్తూరు | అన్నానగర్
ఆదివారం, మధ్యాహ్నం 12:15

చెన్నైలో ఉన్నవాళ్ళ కోసం ఒక మాట. మద్రాసు హైకోర్టుకు ఒరిజినల్ సైడ్ (కేసులను మొదటి నుంచీ తానే విచారించే విభాగం) ఉంది కాబట్టి ఇక్కడ పెద్ద మొత్తాల సెక్షన్ 9 అర్జీలు నేరుగా హైకోర్టులో వేస్తాం. కర్ణాటక హైకోర్టుకు ఆ అధికారం లేదు, అక్కడ సిటీ సివిల్ కోర్టు కాంప్లెక్స్‌లోని కమర్షియల్ కోర్టుకు వెళ్ళాలి. రిజిస్టర్డ్ ఆఫీసు ఎక్కడ, పని ఎక్కడ అని కొట్టుకోకండి. ఒప్పందంలో సీటు ఏ ఊరు అని రాశారో ఆ ఊరి కోర్టే. 2019లో సుప్రీంకోర్టు బీజీఎస్ ఎస్‌జీఎస్ సోమ కేసులో ఇది స్పష్టం చేసింది. మా కజిన్ ఒకడు పని జరిగిన ఊరిలో వేసి, వెనక్కి తీసుకుని మళ్ళీ సీటు ఉన్న చోట వేశాడు. ఆలోపు అవతలివాళ్ళు జాగ్రత్తపడ్డారు.

ఐటీ_సర్వీసెస్_గుంటూరు | బెళ్ళందూరు
ఆదివారం, మధ్యాహ్నం 3:40

మా కస్టమర్ ఒప్పందంలో సీటు సింగపూర్, ఆస్తులు మాత్రం ఇక్కడ. మాకు ఈ దారి లేదా?

లాయరమ్మ_బసవనగుడి
ఆదివారం, సాయంత్రం 5:12

ఉంది. 2012లో బాల్కో తీర్పు తర్వాత కొన్నాళ్ళు మూసుకుపోయింది, 2015 సవరణతో మళ్ళీ తెరుచుకుంది. విదేశీ సీటు ఉన్న అంతర్జాతీయ వాణిజ్య ఆర్బిట్రేషన్‌కు కూడా సెక్షన్ 9 వర్తిస్తుంది, ఒప్పందంలో అది వద్దని రాసుకోకపోతే. అవతలి పార్టీ విదేశీది అయ్యుండాలి, కోర్టు కూడా మారుతుంది, హైకోర్టుకు వెళ్ళాలి.

నెల్లూరు_ఫిట్‌అవుట్
బుధవారం, రాత్రి 8:30

అప్‌డేట్. మైసూర్ బ్యాంక్ సర్కిల్ దగ్గర ఆఫీసు ఉన్న ఒక లాయరు గారికి వకాలత్ ఇచ్చాం. 26ఏఎస్ తీస్తే ఫైనల్ బిల్లు మీద టీడీఎస్ పడి ఉంది! ఆడిటర్ గారికి చేతులెత్తి నమస్కారం. ఎంసీఏలో ఒక డైరెక్టరు రాజీనామా కనిపించింది. రేపు ఫైలింగ్.

ఒక సందేహం. మా లాయరు గారు సెక్షన్ 21 నోటీసు (ఆర్బిట్రేషన్ మొదలుపెడుతున్నామని చెప్పేది) కూడా ఇప్పుడే పంపాలంటున్నారు. ఆర్డర్ వచ్చాక 90 రోజులు టైముందని చదివాను. నోటీసు పంపితే వాళ్ళు అప్రమత్తం అవ్వరా?

లాయరమ్మ_బసవనగుడి
బుధవారం, రాత్రి 9:14

ఫైలింగ్ రోజునో, మొదటి ఆర్డర్ వచ్చిన మర్నాడో పంపండి, అంతకు మించి ఆగొద్దు. 90 రోజుల మాట సెక్షన్ 9(2)లో ఉంది, ఆర్డర్ తేదీ నుంచి. కానీ కర్ణాటక హైకోర్టు 2001 ఆర్బిట్రేషన్ నియమాల్లో ఇంకో లెక్క ఉంది. అర్జీ దాఖలు చేసిన తేదీ నుంచి మూడు నెలల్లో ఆర్బిట్రేషన్ ప్రారంభించకపోతే మధ్యంతర ఆర్డర్ దానంతటదే పోతుంది. కాబట్టి బెంగళూరులో వేసేవాళ్ళు దాఖలు తేదీ నుంచే లెక్కపెట్టుకోవాలి. చట్టం ప్రకారం ఆర్బిట్రేషన్ మొదలయ్యేది నోటీసు అవతలివాళ్ళకు అందిన రోజు. స్పీడ్ పోస్ట్ ట్రాకింగ్ ప్రింట్ తీసి దాచుకోండి, మెయిల్‌లో కూడా పంపండి. సెక్షన్ 9 అర్జీ వేసినంత మాత్రాన లిమిటేషన్ (క్లెయిమ్ వేయడానికి చట్టం ఇచ్చే గడువు) ఆగదు, దానికీ ఈ నోటీసే లెక్క.

ఆర్బిట్రేటర్‌ను ఎండీ నియమించే మాట వదిలేయండి. వివాదంలో స్వార్థం ఉన్న వ్యక్తి ఏకపక్షంగా ఆర్బిట్రేటర్‌ను నియమించడం చెల్లదని పర్కిన్స్ ఈస్ట్‌మన్ కేసులో 2019లోనే చెప్పారు. నోటీసులో మీరే మూడు పేర్లు సూచించండి. 30 రోజుల్లో ఒప్పుకోకపోతే సెక్షన్ 11 కింద హైకోర్టు.

టిఫిన్స్_కేటరింగ్ | కె.ఆర్. పురం
గురువారం, ఉదయం 6:50

అక్కా, మా క్యాంటీన్ బిల్లు 3.8 లక్షలే. కంపెనీ వాళ్ళు ఏడాదిగా తిప్పుతున్నారు. మాలాంటి వాళ్ళకు ఇంత ఖర్చు పెట్టి కోర్టు, ఆర్బిట్రేషన్ కుదురుతుందా?

ఆడిటర్_అనంతపురం
గురువారం, ఉదయం 9:33

అమ్మా, మీకు ఉద్యమ్ రిజిస్ట్రేషన్ (చిన్న వ్యాపారాలకు ప్రభుత్వ నమోదు) ఉందా? ఎప్పటినుంచి ఉంది? బిల్లులకు ముందునుంచే ఉంటే ఎంఎస్ఎంఈ ఫెసిలిటేషన్ కౌన్సిల్‌కు వెళ్ళండి. 2006 చట్టం ప్రకారం కొనుగోలుదారు 45 రోజుల్లోపు చెల్లించాలి. దాటితే రిజర్వ్ బ్యాంకు బ్యాంక్ రేటుకు మూడు రెట్లు, నెలనెలా చక్రవడ్డీ. కౌన్సిల్ ముందు రాజీకి చూస్తుంది, కుదరకపోతే ఆర్బిట్రేషన్. అక్కడ వచ్చిన అవార్డును వాళ్ళు సవాలు చేయాలంటే ముందు 75 శాతం డిపాజిట్ కట్టాలి. చిన్న సప్లయర్‌కు ఇంతకంటే బలమైన ఆయుధం నాకు తెలిసి లేదు. ఆన్‌లైన్‌లో దరఖాస్తు మీరే వేయొచ్చు, సాయం కావాలంటే మెసేజ్ పెట్టండి, ఫీజు అక్కర్లేదు.

నెల్లూరు వారిది వర్క్స్ కాంట్రాక్టు (సామాను, పని కలిపిన ఒప్పందం). వాటికి ఈ చట్టం వర్తిస్తుందా అన్నదానిపై హైకోర్టులు ఒకే మాట మీద లేవు. అందుకే వారికి ఈ దారి చెప్పలేదు.

నెల్లూరు_ఫిట్‌అవుట్
సోమవారం, సాయంత్రం 7:05

మొదటి హియరింగ్ అయింది. జడ్జి గారు అకౌంట్ జోలికి వెళ్ళలేదు. అవతలివాళ్ళను వినకుండా అది చేయనన్నారు. కానీ లీజు డిపాజిట్ మొత్తాన్ని 64 లక్షల మేరకు తదుపరి వాయిదా దాకా ఖర్చు చేయకూడదని కంపెనీకి ఆర్డర్, అత్యవసర నోటీసు ఇచ్చారు. స్నాగ్ లిస్ట్ గురించి జడ్జి గారే అడిగారు. మేము అప్పటికే పిటిషన్‌లో పెట్టి ఉండటంతో మా లాయరు గారు పేజీ నంబరు చెప్పి చూపించారు.

ఆర్డర్ కాపీ వెళ్ళిన సాయంత్రమే వాళ్ళ సీఎఫ్ఓ ఫోన్ చేశాడు. ఇన్ని నెలల్లో వాళ్ళంతట వాళ్ళు చేయడం ఇదే మొదలు.

స్టార్టప్_ఫైనాన్స్
సోమవారం, రాత్రి 9:18

ఇలాంటి ఆర్డర్ అయితే నాకు అభ్యంతరం లేదు. జీతాలు ఆగవు, మీ డబ్బూ పోదు. ఆల్ ది బెస్ట్ బ్రో.

నెల్లూరు_ఫిట్‌అవుట్
శుక్రవారం, రాత్రి 8:44

ఆలస్యంగా రాస్తున్నందుకు మన్నించండి. రెండు వాయిదాల తర్వాత వాదనలు ముగిశాయి. వాళ్ళు రిటెన్షన్ గడువు తీరలేదని, సీలింగ్ మరక మళ్ళీ వచ్చిందని వాదించారు. 26ఏఎస్ గురించి జడ్జి గారు అడిగితే సరైన జవాబు చెప్పలేకపోయారు. ఆర్డర్ ఇది: ఫైనల్ బిల్లు 41 లక్షలకు నాలుగు వారాల్లో జాతీయ బ్యాంకు గ్యారంటీ ఇవ్వాలి, ఇచ్చిన రోజున డిపాజిట్ మీద కట్టడి పోతుంది. రిటెన్షన్ 23 లక్షలకు భద్రత ఇవ్వలేదు, ఆర్బిట్రేటర్ దగ్గర అడగమన్నారు.

నోటీసుకు జవాబిచ్చారు. రేస్ కోర్స్ రోడ్డు ఖనిజ భవన్‌లో ఉన్న ఆర్బిట్రేషన్ సెంటర్ ద్వారా ఒక్కరినే నియమించుకుందామని ఇద్దరం ఒప్పుకున్నాం. ఆర్బిట్రేటర్ ఫీజు ఎంతవుతుందో కొంచెం చెప్పగలరా? రిటెన్షన్ కోసం హైకోర్టులో అప్పీల్ వేయాలా అని కూడా ఆలోచిస్తున్నాను.

లాయరమ్మ_బసవనగుడి
శనివారం, ఉదయం 7:40

మంచి ఆర్డర్. సెక్షన్ 37 కింద అప్పీల్ చేసే హక్కు మీకుంది, వాళ్ళకూ ఉంది. నేనైతే వేయను. ట్రిబ్యునల్ (అంటే మీ ఆర్బిట్రేటర్) ఏర్పడబోతోంది. ఆ తర్వాత సెక్షన్ 17 కింద ఆర్బిట్రేటర్‌నే అడగొచ్చు, ఆయన ఇచ్చే మధ్యంతర ఆర్డర్ కూడా 2015 సవరణ తర్వాత కోర్టు ఆర్డర్‌లాగే అమలవుతుంది. ట్రిబ్యునల్ ఏర్పడ్డాక కోర్టు కొత్త సెక్షన్ 9 అర్జీలను మామూలుగా తీసుకోదు. డిఫెక్ట్ పీరియడ్ తీరిన మర్నాడే రిటెన్షన్ కోసం సెక్షన్ 17 అర్జీ వేయండి, అప్పటికి "గడువు రాలేదు" అన్న వాదన వాళ్ళకు ఉండదు.

ఫీజుకు చట్టంలో నాలుగో షెడ్యూల్ ఒక నమూనా. సెంటర్‌కు తన సొంత పట్టిక ఉంటుంది, అది అడిగి తీసుకోండి. నమూనా ప్రకారం 20 లక్షలు దాటి కోటి వరకు 97,500, దాని మీద 20 లక్షలకు పైబడిన మొత్తంలో 3 శాతం. 64 లక్షలకు 2,29,500 అవుతుంది. ఒక్కరే ఆర్బిట్రేటర్ అయితే దానికి 25 శాతం అదనం, అంటే 2,86,875. సాధారణంగా ఇద్దరూ చెరిసగం.

ఇప్పుడు అన్నిటికంటే ముఖ్యం బ్యాంకు గ్యారంటీ డ్రాఫ్ట్. వాళ్ళు ఏడాది గడువుతో తెస్తారు. ఆర్బిట్రేషన్‌కు ప్లీడింగ్స్ (ఇరువైపుల రాతపూర్వక వాదనలు) పూర్తయ్యాక 12 నెలల గడువుంది, ఇద్దరూ ఒప్పుకుంటే ఇంకో ఆరు నెలలు పొడిగించుకోవచ్చు. అవార్డు వచ్చాక దాన్ని సవాలు చేయడానికి వాళ్ళకు మూడు నెలలు, కోర్టు మన్నిస్తే మరో 30 రోజులు. ఏడాది గ్యారంటీ వీటికి ఏ మూలకూ చాలదు. కాబట్టి "అవార్డు వచ్చి, సవాలు గడువు ముగిసేదాకా చెల్లుబాటులో ఉండాలి, గడువుకు 30 రోజుల ముందు రెన్యూ చేయకపోతే మొత్తాన్ని కోర్టులో జమ చేయాలి" అన్న వాక్యం ఉండేలా చూడండి. ఆర్డర్‌లో ఆ మాట లేకపోతే, గ్యారంటీ దాఖలయ్యేలోపు మెమో వేసి స్పష్టత అడగండి.

నెల్లూరు_ఫిట్‌అవుట్
మంగళవారం, రాత్రి 10:20

మెమో వేశాం మేడమ్. రెన్యూవల్ షరతు చేర్చమని జడ్జి గారు చెప్పారు, వాళ్ళ లాయరు అభ్యంతరం పెట్టలేదు. బ్యాంకు డ్రాఫ్ట్ ఇవాళ మా లాయరు గారికి వచ్చింది, అందులో షరతు ఉంది. క్లెయిమ్ స్టేట్‌మెంట్ పని మొదలుపెట్టాం. కె.ఆర్. పురం చెల్లెమ్మా, మీ ఉద్యమ్ పని ఎంతవరకు వచ్చింది?

టిఫిన్స్_కేటరింగ్
మంగళవారం, రాత్రి 10:41

దరఖాస్తు వేశాం అన్నా. ఆడిటర్ సారే దగ్గరుండి బిల్లులు అప్‌లోడ్ చేయించారు. కౌన్సిల్ నుంచి కంపెనీకి నోటీసు వెళ్ళాలి. రాగానే ఇక్కడే రాస్తాను.